కోడలిచ్చిన రజాయి

లై అవ్వ కత్తెరను కోటు లోపలి జేబులో దాచుకుని వంశ మందిరానికి బయల్దేరింది. ఎనభై నాలుగేళ్ల వయసులో ఆమెకు మిగిలిన కోరిక ఒక్కటే. కోడలు రుయ్‌లాన్ పరువు ఊరందరి ముందూ తీయాలి.

ఇవాళ తొమ్మిదో నెల తొమ్మిదో రోజు. వయసు మళ్లిన పెద్దల పండగ. హెకెంగ్ ఊళ్లో ఆరేళ్లుగా ఈ రోజున ఓ వేడుక జరుగుతోంది. డెబ్భై దాటినవాళ్ల రజాయిలన్నీ తెచ్చి మందిరం వాకిట్లో తాళ్ల మీద ఆరేస్తారు. ఎవరు తమ పెద్దవాళ్లని ఎంత వెచ్చగా చూసుకుంటున్నారో ఊరు చేత్తో తడిమి మరీ తేలుస్తుంది. మంచి రజాయి ఇచ్చినవాళ్ల ఫొటో ఎర్ర బోర్డు ఎక్కుతుంది. చిరుగుల రజాయి ఇచ్చినవాళ్లది నల్ల బోర్డుకి పోతుంది. ఆ ఇంటి పిల్లకి సంబంధం కుదరడం కూడా కష్టమే.

ఇదంతా ఔయాంగ్ మాస్టారి ఏర్పాటు. రిటైరయ్యాక ఆయన మందిరంలో కన్ఫ్యూషియస్ పటం పెట్టి, పెద్దల పట్ల ఎలా నడుచుకోవాలో వారం వారం పాఠం చెబుతున్నాడు. లై అవ్వ పడుచుగా ఉన్నప్పుడు ఇదే మందిరంలో ఇదే కన్ఫ్యూషియస్‌ని తిట్టమన్నారు పార్టీవాళ్లు. అందరితో పాటు గొంతు చించుకుని తిట్టింది. ఇప్పుడు దణ్ణం పెట్టమంటున్నారు, పెడుతోంది. పటంలోని ఆ పెద్దమనిషితో ఆమెకి ఏ పేచీ లేదు. పేచీ అంతా కోడలితోనే.

కొడుకు పోయి ఎనిమిదేళ్లయింది. ఇన్నేళ్లలో రుయ్‌లాన్ అత్తని పల్లెత్తు మాట అనలేదు. అన్నం మొదటి గిన్నె అత్తకే. సాయంత్రం కాళ్లకి వేణ్ణీళ్లు, ఒళ్లో నిప్పుల బుట్ట. పడుకునే వేళకి మాత్రం ఆ బుట్ట తీసేసేది, పక్కకి అంటుకుంటుందని.

పోయినేడు పండగకి ఎర్ర శాటిన్ రజాయి కుట్టి అత్త చేతిలో పెట్టింది. బెత్తెడు మందం. మాస్టారు అరచేత్తో అదిమి చూసి, అక్కడికక్కడే మొదటి బహుమతి ప్రకటించాడు. నాలుగు మాటలు చెప్పమంటే రుయ్‌లాన్ రెండే చెప్పింది.

"పెద్దవాళ్లు మనకి ఏం చేశారో మరిచిపోకూడదండీ. అది వాళ్లకి తిరిగి చెయ్యాలి."

మందిరం చప్పట్లతో మోగిపోయింది.

ఆ చలికాలమంతా లై అవ్వ వణికి చచ్చింది. రజాయి బండంత బరువు, వెచ్చదనం మాత్రం సున్నా. వేలితో నొక్కితే లోపల గడ్డలు, గడ్డల మధ్య ఖాళీలు. పక్కింటావిడతో మొరపెట్టుకుంటే ఆవిడ నవ్వేసింది.

"నిన్ను పొయ్యిలో కూర్చోబెట్టినా చలేలే అవ్వా. అలాంటి కోడలు నాకుంటే నెత్తిన పెట్టుకుందును."

కోడల్నే నిలదీసింది. "అందులో పెట్టింది దూదేనా?"

"దూదే అత్తయ్యా. నాకు బాగా తెలిసిన దూది," అంది రుయ్‌లాన్, పళ్లెం తుడుస్తూ.

ఇంట్లో విప్పి చూస్తే లాభం లేదు. ఎలకలు కొట్టాయంటుంది, ఊరు దాని మాటే నమ్ముతుంది. అందుకని లై అవ్వ ఉన్న నాలుగు పళ్ల బిగువున పండగ దాకా ఆగింది. కత్తెర మొద్దుబారిందని మొన్న సణిగితే, పిచ్చి మొహంది, రుయ్‌లానే సంతకి తీసుకెళ్లి సాన పట్టించుకొచ్చి ఇచ్చింది. దేనికని కూడా అడగలేదు.

మాస్టారు ఊరిని వెంటేసుకుని ఒక్కో రజాయే తడుముతూ వచ్చాడు. ఎర్ర శాటిన్ దగ్గర ఆగి మురిసిపోయాడు.

"పైన తడిమితే ఏం తెలుస్తుంది మాస్టారూ? లోపల చూడండి," అంది లై అవ్వ.

కత్తెర తీసి ఈ కొస నుంచి ఆ కొస దాకా చీల్చేసింది.

పైపైన పల్చగా తెల్ల దూది. దాని కింద మాసి నల్లబడిన పాత బొంత. గడ్డకట్టిన దూది, బొక్కలు, నీలం పూలగుడ్డ మాసికలు. ముక్కిపోయిన కంపు గుప్పుమంది. జనం ముక్కులు మూసుకున్నారు. లై అవ్వ బొంత వంక కన్నెత్తి చూడలేదు. కోడలి మొహం వాడిపోతుంటే చూడాలని ఏడాదిగా కాచుకుని ఉంది మరి.

"ఇదీ మీ ఉత్తమ కోడలి నిర్వాకం. దీన్ని కుక్కకైనా కప్పుతారా ఎవరైనా?"

"కప్పరు అవ్వా," అన్నారెవరో.

"తెలిసి తెలిసీ ఇది మనిషికి కప్పినదాన్ని ఏమనాలి?"



"రాక్షసి అనాలి," అంది లై అవ్వే. ఊరంతా తలూపింది.

మాస్టారు పాలిపోయిన మొహంతో ఎర్ర బోర్డు మీంచి రుయ్‌లాన్ ఫొటో ఊడదీశాడు. లై అవ్వ ఒంట్లోంచి ఏడాది చలీ ఒక్కసారిగా వదిలిపోయింది. ఇంక చచ్చిపోయినా ఫరవాలేదనుకుంది.

మాస్టారు ఫొటో పట్టుకుని నల్ల బోర్డు వైపు నడవబోతూ ఆగాడు. "ఇంత పాత బొంత ఎక్కడ సంపాదించావమ్మా?"

రుయ్‌లాన్ ఏడవలేదు. వంగి ఆ నీలం మాసికని వేళ్లతో సాపు చేసింది. అరవై ఏళ్ల మనిషి, మాస్టారి వైపు తిరిగి చెప్పింది.

"ఆరేళ్ల పిల్లగా నన్ను తన కొడుక్కి కాబోయే పెళ్లామని ఈ ఊరు తెచ్చుకుని, ఆ మొదటి చలికాలం పందుల కొట్టంలో పడుకోబెట్టి, అత్తయ్య తన చేత్తో నాకు కప్పింది ఇదేనండీ."