డాఫ్నీ విసనకర్ర

“డాఫ్నీకి గొంతు పోయింది. ఈ పూట హీరోయిన్‌వి నువ్వే, మ్యూరియల్!” మేనేజరు పట్టుగౌనూ విసనకర్రా ఆమె చేతిలో పెట్టాడు.

సినిమాల్లోనైనా, లండన్ నాటకాల్లోనైనా మ్యూరియల్‌కి ఎప్పుడూ పనిమనిషి వేషమే. డాఫ్నీ డైలాగులన్నీ కంఠతా పట్టి, ఈవిడకు జలుబైనా చేయదేమని ఏళ్లుగా కుళ్లుకుంటోంది. పైగా మ్యూరియల్ మాటకు జనం నవ్విన ప్రతిసారీ డాఫ్నీ మొహానికి విసనకర్ర అడ్డం పెట్టుకునేది. ఎంత పొగరో!

“మరి నా వేషం?”

“నాది!” అంది తోటి నటి ఐవీ, అప్పటికే పనిమనిషి ఏప్రాన్ కట్టేసుకుని. “ఒక్క మాటేగా తల్లీ! ‘టీ చల్లారిపోతోందమ్మగారూ’ అనేసి వచ్చేస్తా.”

“అలా వచ్చేస్తే ఎవరు నవ్వుతారే? తలుపు దగ్గర ఆగి...” మ్యూరియల్ నాలుక కరుచుకుంది. “ఏం లేదులే. వచ్చేయ్.”

తెర లేచింది. మ్యూరియల్ ఒక్క మాటకీ తడబడలేదు. ఐవీ టీ పెట్టింది, తన మాట అంది, తలుపు దాకా నడిచింది. అక్కడ ఆగి, మెల్లగా వెనక్కి తిరిగి చూసింది.

హాలంతా పగలబడి నవ్వింది.

పట్టుగౌనులో మ్యూరియల్‌కి ఒళ్లు భగ్గుమంది. ఆ మొహం జనానికి కనపడకుండా చటుక్కున విసనకర్ర విప్పి అడ్డం పెట్టుకుంది.

అప్పుడు గుర్తొచ్చింది డాఫ్నీ.