తెంపాల్సిన తాళి

"అది ఎవనితోనన్న తాళి కట్టించుకోనియ్, నా చేత్తోనే తెంపుత!"

ఈ మాట రాజేశ్వరమ్మ ఉప్పల్ అంతా చాటింది. అన్నదంటే చేసే మనిషే.

కొడుకు పోయి మూడేళ్లు. కోడలు సత్యవేణి ఇల్లు విడిచి నర్సు పని నేర్చుకుంది. కొత్తగా ఫ్యాక్టరీలు లేస్తున్న నాచారంలో కార్త్యాయని అనే మలయాళీ నర్సు ఇంట్లో ఉంటోంది. ఇప్పుడు ఆ నర్సు తమ్ముడితోనే పెళ్లట! తన కొడుకును మింగి ఇంకొకడి పక్కన నవ్వుతుందా? తలచుకుంటేనే రాజేశ్వరమ్మకు ఒళ్లు మండిపోయింది.

"పెండ్లి ఇయ్యాల్నేనంటమ్మా" అన్నాడు రిక్షా బాలనర్సింహ.

"అయితే పోనియ్. జర జల్ది తొక్కు!"

తీరా నాచారంలో ఆ ఇంటికి వెళ్లి చూస్తే పందిరి లేదు. మేళం లేదు. పురోహితుడి జాడ లేదు. గదిలో ఒక దీపం వెలుగుతోంది. చుట్టూ ఆడవాళ్లు, అందరివీ తెల్లచీరలే. ఒక్కరికీ జడ లేదు. తలంటుకున్న జుట్టు నడుము దాకా వదిలేసి కొసన చిన్న ముడి వేసుకున్నారు. నుదుట చందనం గీత. సత్యవేణిదీ అదే వాలకం.

'ఇది పెండ్లా, దినమా?' అనుకుంది రాజేశ్వరమ్మ. కార్త్యాయని మర్యాదగా చాప వేసింది. చెయ్యి చాస్తే సత్యవేణి మెడ అందేంత దగ్గర కూర్చుంది.

తమ్ముడు వచ్చాడు. రాజేశ్వరమ్మ అతని చేతులకేసే చూసింది. తాళి లేదు. పళ్లెంలో సన్నంచు తెల్లచీర ఉంది. దాన్ని సత్యవేణి చేతుల్లో పెట్టాడు. ఆమె తల వంచి తీసుకుంది.

రాజేశ్వరమ్మ ముఖం చేటంత అయింది. మొగుడు పోయినదానికి తెల్లచీర పెట్టే ఆనవాయితీ వీళ్లకూ ఉందన్నమాట! ఎక్కడున్నా ధర్మం ధర్మమే.

సత్యవేణి వచ్చి కాళ్లకు మొక్కింది. "దీవించు అత్తమ్మా."

"ఈ తెల్లచీరతోనే నూరేండ్లు ఉండు!" కసితీరా దీవించింది రాజేశ్వరమ్మ.

అందరూ భోజనాలకు లేచారు. ఆమె మాత్రం కదల్లేదు. ఎంత సంబరపడినా, వీళ్లను నమ్మడానికి లేదు మరి.

"మీ తమ్ముడు తాళి ఎప్పుడు గడ్తడమ్మా? నేను దానికోసమే కూసున్న."

కార్త్యాయని పాయసం గ్లాసు ఆమె చేతికిచ్చింది.

"కేరళలో మా వాళ్లకు పెళ్లికొడుకు పెళ్లికూతురి చేతిలో తెల్లచీర పెడితే చాలమ్మా, పెళ్లి అయిపోయినట్టే."