బిందెలమ్మ పాత చీర

“ఆ కుర్చీలు లోపల పడేయండి. ఫ్యాను కూడా కనబడకూడదు,” అంది డైరెక్టరు.

పన్నెండేళ్ల కిందట ఇదే గుమ్మం ముందు, రెండు బిందెలు పట్టుకుని నీళ్లకోసం గొంతు చించుకుంటున్న ఒక ఆడమనిషిని ఆమె కెమెరాలో పట్టుకుంది. ఆ డాక్యుమెంటరీతో ఇద్దరికీ పేరొచ్చింది. ఈమె గొప్ప డైరెక్టరయింది, ఆమె బిందెలమ్మయింది. తర్వాతి సినిమాల్లో ఇటుకబట్టీల ఆడవాళ్లు, చెత్త ఏరుకునేవాళ్లు... ‘గొంతులేని వాళ్లకు గొంతు’ అని పత్రికలు రాశాయి. రేపు డైరెక్టరుకు సన్మానం. సభలో చూపడానికి బిందెలమ్మ మళ్లీ కావాలి. ఈ పూటతో సరి.

చిక్కల్లా ఒక్కటే. వీధి కుళాయి దగ్గర షూటింగ్‌కి వార్డు మెంబరు సంతకం కావాలి. లేకపోతే పోలీసులు ఆపేస్తారు. అసిస్టెంటు అందుకోసమే బయల్దేరుతున్నాడు.

ఇస్త్రీ చీరలో వచ్చిన బిందెలమ్మను చూసి డైరెక్టరు నొసలు చిట్లించింది.

“పాత చీర లేదా?”

“ఇల్లు తుడిచే గుడ్డయిపోయింది అమ్మా.”

డైరెక్టరు తన సంచిలోంచి వెలిసిపోయిన చీర తీసిచ్చింది. అదీ సిద్ధంగానే తెచ్చుకుంది.

“నేను బాగుపడితే మీ సినిమా పాడైపోతుందా అమ్మా?”

“నీ నోరు మాత్రం మారలేదే!” అని నవ్వింది డైరెక్టరు. “ఆ చేతిలో ఫోనేంటి? తియ్యి.”

అసిస్టెంటు దాన్ని అందుకుని లోపలి గదిలో దుప్పట్ల పెట్టెలో అడుగున దోపాడు.

“దగ్గరుండనీ బాబూ, ఎవరో ఒకరు చేస్తుంటారు.”

“ఒక్కపూట నువ్వు పలక్కపోతే కొంపలేం మునగవులే,” అంటూ వాడు వెళ్లిపోయాడు.

వాకిట్లో నలుగురైదుగురు కాగితాలు పట్టుకుని నిలబడ్డారు.

“షూటింగ్ అంటే చాలు, ఈగల్లా ముసురుతారు. వెళ్లండి, వెళ్లండి!”

“వాళ్లు నాకోసం...”

“మాట్లాడకు. ముఖంలో దిగులు చెదిరిపోతుంది.”

గంట తర్వాత అసిస్టెంటు చెమటలు కక్కుతూ వచ్చాడు. “మెంబరు ఆఫీసుకు రాలేదు మేడం. గుమాస్తా నంబరిచ్చాడు. దారి పొడుగునా చేశాను. మోగుతోంది గానీ ఎత్తట్లేదు.”

“ఓట్లప్పుడైతే కాళ్లు పట్టుకుంటారు! ఏ పేకాటలో మునిగున్నాడో మహానుభావుడు.”

“అమ్మా, ఆ సంతకం...” అంది బిందెలమ్మ.

“నీకెందుకు తల్లీ ఆ గొడవలు? నువ్వు కుళాయి వైపు చూస్తూ కూర్చో. చూపులోనే అంతా ఉండాలి.”

బిందెలమ్మ కొంగు భుజం మీదికి లాక్కుని కుళాయి వైపు చూసింది. ఆ చూపులో తాను చెప్పిన దిగులు కాక ఇంకేదో ఉందని డైరెక్టరుకు తోచింది. కెమెరాకు బాగానే ఉంటుందిలే అనుకుంది.

ఎండ గోడ దిగిపోతోంది.

“మెంబరుకు ఇంకొక్కసారి చెయ్యి,” అంది డైరెక్టరు.

అసిస్టెంటు గుమ్మంలో నిలబడే నంబరు నొక్కాడు.

దుప్పట్ల పెట్టెలో ఫోన్ మోగింది.