గుర్రం మామయ్యకు ఉత్తరాలు

గుర్రం కాలు విరిగింది. దాని మీద కూర్చుని పాడుతున్న గుర్రం మామయ్యకు రెండు మణికట్లూ విరిగాయి.

కొయ్యగుర్రాన్ని వడ్రంగి గంటలో బాగుచేశాడు. మామయ్యకు మాత్రం డాక్టరు రెండు చేతులకూ మోచేతుల దాకా సిమెంటు కట్లు వేసి, ఆరు వారాలు వేలు కూడా కదపొద్దన్నాడు.

అసలు మామయ్య పెద్ద పెద్ద సభల్లో పాడి జనాన్ని ఏడిపించాలనుకున్న మనిషి. మొదటి సభలోనే జనం పడీ పడీ నవ్వారు. ఆ నవ్వులు విన్న టీవీవాళ్ళెవరో పిలిచి పిల్లల కార్యక్రమం అప్పజెప్పారు. మెడలో అకార్డియన్, కింద చక్రాల గుర్రం, ముఖాన అతికించిన చిరునవ్వు. అలా ఇరవై రెండేళ్ళు గడిచిపోయాయి. తనను ‘గానమామయ్య’ అని పిలవమని వారం వారం పిల్లల్ని బతిమాలేవాడు. వాళ్ళు ‘గుర్రం మామయ్యా!’ అని అరిచేవారు.

మధ్యలో ముగ్గురు డైరెక్టర్లు ఈ కార్యక్రమాన్ని ఎత్తేద్దామని చూశారు. ముగ్గురూ ఉత్తరాల ముందు ఓడిపోయారు. వారానికి నలభైకి తగ్గకుండా పోస్టుకార్డులు, ఊళ్ళోని అన్ని పేటల నుంచీ. ‘మామయ్యా, మీ పాట వింటేగాని నాకు ముద్ద దిగదు.’ ‘మామయ్యా, మీ గొంతు తేనె.’ ‘మామయ్యా, మీలాంటి మీసం మా నాన్నకెందుకు లేదు?’

ఎంత కోడిగీతల రాతైనా మామయ్య తడుముకోకుండా చదివేసేవాడు. ఒక్కోసారి కార్డు వంక చూడకుండానే చదివేవాడు. “పసిమనసు చదివినవాడికి రాత ఒక లెక్కా?” అని మీసం దువ్వుకునేవాడు.

ఇంట్లోనూ అదే గోల. సాయంత్రమైతే చాలు, కార్డుల కట్టా రంగుపెన్సిళ్ళూ పట్టుకుని ముందుగదిలో దూరి తలుపేసుకునేవాడు.

“ఇంకా ఎంతసేపండీ?” అనేది భార్య.

“పిల్లలతో వ్యవహారం. నీకు తెలీదులే.”

పొద్దున్నే చేతిసంచీతో నడక. ఇవాళ ఈ పేట, రేపు ఆ పేట.

“ఆ నడిచేదేదో కూరల బజారు వైపు నడవచ్చుగా?”

“అభిమానులు ఊరంతా ఉన్నారే! ఒక్క బజారుకే అంకితమైపోతే మిగతావాళ్ళు ఏమనుకుంటారు?”

ఆవిడ ఒక దణ్ణం పెట్టి వంటింట్లోకి పోయేది.

ఇప్పుడు ఆ వైభవమంతా ఆగిపోయింది. అన్నం తిననని మారాం చేసే పిల్లల కోసం ఇరవై రెండేళ్ళు పాడిన మనిషికి భార్య ముద్దలు కలిపి నోట్లో పెడుతోంది. టీవీలో పాత భాగాలే తిప్పి తిప్పి వేస్తున్నారు.

మూడో వారంలో కొత్త డైరెక్టరమ్మ పరామర్శకు వచ్చింది. పళ్ళ సంచీ బల్ల మీద పెట్టి, ఆలస్యం లేకుండా అసలు విషయానికి దిగింది.

“మీకు దెబ్బ తగిలినప్పట్నుంచీ ఒక్క ఉత్తరం రాలేదండీ.”

“పాతవే వేస్తుంటే పిల్లలు ఎందుకు రాస్తారమ్మా?”

“నిజమే. అందుకే తెర మీద వేయిస్తాను. ‘మామయ్య చేతులు విరిగాయి, పిల్లలూ, ఉత్తరాలు రాయండి’ అని. మూడు వారాలు చూద్దాం. వస్తే ఆ గుర్రం మీదే. రాకపోతే ఆ వేళకి కార్టూన్లు.”

మామయ్య ముఖాన నెత్తురు చుక్క లేదు. “అలా అడుక్కోవడం ఏం బాగుంటుందమ్మా?”

“అడుక్కోవడమేంటి! ఊరికే నలభైమంది రాసేవాళ్ళు, దెబ్బ తగిలిందంటే నాలుగొందలమంది రాయరూ?”

“రాస్తారు, రాస్తారు” అన్నాడు నీరసంగా.

ఆవిడ వెళ్ళాక భార్యకు జాలేసింది. “పోనీ మీరు చెప్పండి, పాత ఉత్తరాలకి జవాబులు నేను రాసిపెడతాను. అవి చూసైనా పిల్లలు మళ్ళీ రాస్తారేమో.”

“ఆ గదిలో అడుగుపెట్టావంటే మర్యాద దక్కదు!” అని మామయ్య కుర్చీలోంచి ఎగిరాడు. చేతుల ఆసరా లేకుండా ఎగరడం ఎంత కష్టమో ఎగిరాక తెలిసింది.

ఆ మూడు వారాలూ ఆయనకు ముద్ద సహించలేదు. వేళాకోళానికి ఎన్నయినా అంటాం గాని, ఆ గుర్రం దిగితే ఆయనకు వెళ్ళడానికి ఇంకో చోటు లేదు.

గడువు రోజు రానే వచ్చింది. డైరెక్టరమ్మ గదిలో, మామయ్య కళ్ళ ముందే అటెండరు ఉత్తరాల సంచీ బోర్లించాడు. ఒకే ఒక్క కార్డు పడింది. మళ్ళీ దులిపాడు. ఈసారి దుమ్ము రాలింది.

“ఆహా, ఇరవై రెండేళ్ళ అభిమానం!” అంటూ డైరెక్టరమ్మ కార్డు తీసి పైకి చదివింది. “‘గుర్రం మామయ్యా, నువ్వు పాడితే మా చెల్లి ఏడుస్తుంది. నేను చెవులు మూసుకుని గుర్రాన్ని చూస్తాను. గుర్రానికి కూడా దెబ్బ తగిలిందా? దానికి తగ్గిందో లేదో చెప్పు.’”

అటెండరు నవ్వు దాచుకోవడానికి సంచీలో తల దూర్చాడు. డైరెక్టరమ్మ కార్డు పక్కన పడేసి, కార్యక్రమం రద్దు చేసే కాగితం మీద సంతకం గీకింది.

మామయ్య ఆ సంతకం వంక కన్నెత్తి చూడలేదు. కళ్ళ నీళ్ళు ధారగా కారుతున్నాయి. తుడుచుకోవడానికి చేతులు లేవు. ముఖమంతా నవ్వు. ఆ నవ్వు టీవీలో ఎవరూ ఎప్పుడూ చూసింది కాదు.

“అమ్మా, ఆ కార్డు కాస్త నా జేబులో పెట్టవూ?”

“ఇందులో మిమ్మల్ని తిట్టారండీ!”

“అవునమ్మా, ఎంత బాగా తిట్టారో! పెట్టేముందు ఇంకొక్కసారి చదువు.”

తేనె అనీ మీసమనీ వేలకు వేలు పొగడ్తలు అందుకున్న మనిషికి ఈ ముక్కలో ఏం గొప్ప కనిపించిందో ఆవిడకు అంతుపట్టలేదు.

ఇరవై రెండేళ్ళలో ఆ కార్యక్రమానికి వచ్చిన ఉత్తరాలన్నిటిలోనూ, గుర్రం మామయ్య తన చేత్తో రాసి పోస్టుడబ్బాలో వెయ్యనిది అదొక్కటే.