అమ్మ శాలువ

అమ్మ శాలువలో ముఖం దాచుకున్న అక్క కాసేపటికి తలెత్తింది.

“మొన్నామధ్య జ్వరం వచ్చి తగ్గాక నా ముక్కు పనిచేయడం మానేసిందే. నువ్వు చూసి చెప్పు. అమ్మ వాసన ఇంకా ఉందా?”

అమ్మ మంచాన పడి ఉన్నన్నాళ్లూ ఒక్కసారైనా తొంగిచూడని మనిషి అడుగుతోంది. చెల్లెలు శాలువ అందుకుని వాసన చూసింది. కుట్టుమిషను నూనె, జలుబు మందు, వాటి అడుగున అమ్మ మెడ దగ్గరి వెచ్చదనం. అన్నీ అలాగే ఉన్నాయి.

“ఏమీ లేదు. ఉట్టి ఫినాయిలు కంపు,” అంది.

అక్క ముఖం పాలిపోయింది. చెల్లెలి కసి ఇంకా తీరలేదు.

“ఉన్నప్పుడు రాకుండా, పోయాక వెతుక్కుంటే ఎక్కడ దొరుకుతుందమ్మా?”

“నిజమేలే,” అక్క కళ్లు తుడుచుకుంది. “ఏనాడూ అమ్మ గుడ్డ ఒక్కటి ఉతికి ఎరగను. ఆ కంపన్నా వదలగొడతాను.”

చెల్లెలి చేతిలోంచి శాలువ తీసుకుని, పక్కనే ఉన్న సబ్బునీళ్ల బకెట్లో ముంచేసింది.

“అక్కా, వద్దు!”

చెల్లెలు బయటికి లాగేసరికే శాలువంతా తడిసిపోయింది. నీళ్లు కారుతున్న దాన్ని అలాగే ముఖానికి అదుముకుంది.

“ఏమైందే? ఏం వాసన వస్తోంది?” అక్క కంగారుగా అడిగింది.

“సబ్బు,” అంది చెల్లెలు.

ఈసారి అబద్ధం చెప్పలేదు.