జరగని పోటీ

ఎనిమిదేళ్లకు తీర్పొచ్చింది. పోటీలు పెట్టకుండానే జట్టును ఎంపిక చేసిన జాతీయ క్రీడా సంఘం పాలకవర్గాన్ని ఢిల్లీ హైకోర్టు తొలగించి, బాధ్యతలు ఒక విశ్రాంత న్యాయమూర్తికి అప్పగించింది.

కేసు వేసిన కావేరికి ఇప్పుడు ముప్పై మూడేళ్లు. ఆట ఎప్పుడో మానేసింది. ఆమె కోర్టు మెట్లు దిగుతుంటే, ఆనాడు తనకు బదులు జట్టులోకి వెళ్లిన మనీష ఎదురొచ్చింది.

"మీ బాబాయి సెక్రటరీ పదవి పోయింది. తిట్టడానికొచ్చావా?" అంది కావేరి నీరసంగా.

"లేదక్కా. నీ కేసును నిలబెట్టిన సంఘం మీటింగ్ కాగితాలు పేరు లేకుండా పోస్టులో పంపింది నేనే. నిన్ను ఓడించి జట్టులోకి వెళ్లాలనుకున్నాను. బాబాయి ఆ పోటీయే ఆడనివ్వలేదు."

కావేరి మెట్టు మీదే కూర్చుండిపోయింది.

"నువ్వే గెలిచేదానివి మనీషా," అంది. "అప్పటికే నా మోకాలు దెబ్బతింది. ఎవరికీ చెప్పలేదు."