పచ్చి కట్టెలు

“గాలి తిరిగింది అత్తా. పడవింకా రాలేదే, ఏమన్నా అయ్యుంటే?” అంది గురవమ్మ.

“నీ నోట మంచిమాట రాదు గదా! పోయి పొయ్యి చూడు,” అంది పోలమ్మ, ఎండుచేపలు తిరగేస్తూ.

మగవాళ్ళు సముద్రం మీద ఉండగా ఇంట్లో ఆడది ఏడిస్తే పడవకు కీడంటారు. గురవమ్మ పెద్దకొడుకు అలల్లో పోయి నెల తిరగలేదు. మొగుడు ఇంటికొచ్చాక ఏడుద్దామంటే ఇంటినిండా తోడికోడళ్ళు, వాళ్ళ పిల్లలు.

వంటింట్లో ఈరోజూ సరుగుడు కట్టెలు పచ్చివే. పొగ కమ్ముకోగానే పిల్లలు దగ్గుతూ బయటికి పరుగెత్తారు. తోడికోడలు తిట్టుకుంటూ వాళ్ళ వెనకే పోయింది. గురవమ్మ ఒక్కతే పొయ్యి ముందు వంగి, ఊదుతూ ఊదుతూ కొడుకు కోసం ఏడ్చింది.

తలెత్తితే గుమ్మంలో అత్త. గురవమ్మ గబుక్కున మొహం తిప్పుకుంది.

“నేనేం ఏడవలేదత్తా, పొగకి కళ్ళు మండినాయి. మనింట్లో ఎండుకట్టెలన్నీ ఏమైనాయి? రోజూ పచ్చివే ఉంటుండాయి.”

పోలమ్మ వచ్చి పక్కన కూర్చుంది. కొంగుతో కోడలి మొహం తుడిచింది.

“ఎండువి నేనే దాచినానే. వాకిట్లో నేనుంటా, ఎవర్నీ రానీను. నువ్వు ఊదుకో.”